బిగిసికొనిపోవుట

‘బిగియు’ ధాతువునకు మన భాషలో నున్నంత పెద్ద సంసారము కొలది ధాతువులకే కలదు. బిగి, బిగువు, బిగుతు, బిగింపు, బిగియార — అన్నియు నా యింటి బిడ్డలే. వానకు తడిసిన తలుపు బిగియును. మోపునకు కట్టిన త్రాడు బిగియును. దుఃఖము వచ్చినవాని గొంతు బిగియును. కథ బిగువుగా నున్నదని మెచ్చుకొందుము; చొక్కా బిగువుగా నున్నదని దర్జీతో పోట్లాడుదుము. ఒకే మాట మెప్పునకును నిందకును పనికివచ్చుటలో వింత లేదు. అట్టివి భాషలో పెక్కులు. వింత యేమనగా, ఈ మాట యెప్పుడు మెప్పగునో, యెప్పుడు నింద యగునో, దానిని పలుకు జనులు పొరబడరు. ఏ వ్యాకరణమును చదువనివారు సయితము పొరబడరు.

నడుము బిగించె నన్నచో నొకడు కార్యమునకు సిద్ధమయ్యెనని యర్థము. నడుము బిగిసికొనిపోయె నన్నచో నతడు మంచమెక్కెనని యర్థము. నడుము ఒకటే, ధాతువును ఒకటే. భేదము కొంత ‘ఇంచు’ ప్రత్యయమున నున్నది. దానివలన చేయువాడొకడు కలడని తెలియును. అంతకంటె నెక్కువ భేదము తుదనున్న ‘పోవు’ అను చిన్న క్రియలో నున్నది. ఎండిపోవు, చెడిపోవు, మఱచిపోవు, మాసిపోవు — ఈ పోవుటలో నెవ్వరును ఎక్కడికిని పోరు. ఇష్టానిష్టములతో పనిలేకయే, తలచుకొన్నవాడు లేకయే, యొక పని జరిగి ముగిసినదని మాత్రమే యది చెప్పును. ‘రేపటినుండి నడుము బిగింతును’ అని యొకడు ప్రతిన పట్టవచ్చును. ‘రేపటినుండి బిగిసికొనిపోదును’ అని యెవ్వడును ప్రతిన పట్టడు. పట్టుదల గలవాడు తన పట్టు నెఱుగును. బిగిసికొనిపోయినవాడు తాను బిగిసితినని యెఱుగడు. పైపెచ్చు నిలుకడ గలవాడననియే తన్నుగూర్చి తలచుచుండును. నేను వ్రాయబూనినది ఈ యెఱుగమిని గూర్చియే.

మాటలు పుట్టించిన పూర్వులు దీనిని కనిపెట్టినట్లే తోచును. ‘నీల్గు’ అనగా గర్వించుట. ‘నీల్గు’ అనగా చచ్చుట. నిఘంటువులలో నీ రెండర్థములును ఒక్కచోటనే కాపురమున్నవి. ఆంగ్లేయులకు వాడుకభాషలో శవమునకు ‘బిగిసినది’ అను నర్థముగల పేరొకటి కలదు. ఎదుటివారితో కలియక కొయ్యవలె నిలుచు మనుష్యుని నడవడికిని వారు ఆ మాటనే వాడుదురు. ఇన్ని సముద్రముల కావల నున్న రెండు జాతులవారు గర్వమును జూచినపుడు శవమును తలచుకొనుట కేవలము కాకతాళీయము కాదనుకొందును.

సంస్కృతమున నీ యర్థము నిచ్చు మాటలలో ముఖ్యమైనది ‘స్తబ్ధ’ శబ్దము. ఇంటిని మోయు స్తంభము దీని తోబుట్టువు. నేటి తెలుగున స్తబ్ధుడన్నచో పలుకక యులుకక కూర్చుండువాడని వాడుక; సంస్కృతమున నంత సాధువైన మాట కాదు. శ్వేతాశ్వతరోపనిషత్తు పరమపురుషుని ఆకాశమున నొంటిగా నిలిచిన వృక్షముతో పోల్చుచు నీ శబ్దమునే వాడినది. అక్కడ నది స్తోత్రము. భగవద్గీత పదునాఱవ యధ్యాయమున నాసురస్వభావులను వర్ణించునపుడు వాడినది. అక్కడ నది నింద. ఛాందోగ్యమున నాఱవ యధ్యాయపు మొదట నీ మాట యొక విద్యార్థి మీద పడినది. శ్వేతకేతువు పండ్రెండేండ్ల ప్రాయమున గురుకులమునకు పోయి, వేదములన్నియు చదివి, యిరువదినాలుగేండ్లవాడై, తనంత చదివినవాడు లేడను నభిమానముతో స్తబ్ధుడై యింటికి తిరిగివచ్చెను.

చదువురానివాడు బిగిసెనని యుపనిషత్తు చెప్పలేదు. పండ్రెండేండ్లు చదివినవాడు బిగిసెనని చెప్పినది. తండ్రి యుద్దాలకుడు వానిని తిట్టలేదు. దేనివలన విననిది విన్నట్లగునో, తెలియనిది తెలిసినట్లగునో, అట్టి యుపదేశమును గురువు నడిగితివా యని మాత్రము ప్రశ్నించెను. అది మా గురువులకు తెలిసియుండదు, తెలిసినచో చెప్పకుందురా యని బదులు చెప్పి, మీరే చెప్పుడని కుమారుడు వేడెను. ఉపాధ్యాయవృత్తిలో నున్న నాబోంట్లకు ఆ బదులులోని మొదటి సగము అంతగా రుచింపదు. రెండవ సగమే శ్వేతకేతువును రక్షించినది.

ఇంక నా కథ. ఇరువదియేండ్లుగా తెలుగు చెప్పి బ్రదుకుచున్నాను. మాది తెలంగాణము. మా యింట ‘వలె’ అనువారు లేరు, ‘లెక్క’ అందురు. పులి లెక్క వచ్చె, పువ్వు లెక్క ఉన్నది — ఈ తీరున. కొన్ని సంవత్సరముల క్రిందట సెప్టెంబరు నెలలో తొమ్మిదవ తరగతి పిల్లలకు ‘మఱపురాని దినము’ అను విషయమిచ్చి వ్యాసము వ్రాసికొని రమ్మంటిని. కాళోజీ నారాయణరావుగారి జయంతియగు 9వ తేదీని తెలంగాణ భాషాదినోత్సవముగా బడిలో జరుపుకొన్న వారమే యది. ఆయన పటమునకు దండ వేసినవాడను నేనే. జనుల నోట నున్న తెలుగుకొఱకు ఆయన పడిన పాటును గూర్చి యఱగంటసేపు ఉపన్యసించినవాడను నేనే. పిల్లలు చప్పట్లు చఱచిరి.

ఆ వ్యాసములలో నొకటి నాయనమ్మ చావును గూర్చినది. వ్రాసినవాడు వెనుకబల్ల మీద కూర్చుండు కుఱ్ఱవాడు. తల్లిదండ్రులు పనికొఱకు వేఱొక ఊరికి పోగా నా ముసలిదానియొద్దనే పెరిగినవాడు. అందు మూడు వాక్యము లిట్లుండెను: ‘పొద్దుగాల లేసి చూసినం. నాయినమ్మ చేతులు మడువబోతె వంగలె. కట్టెలెక్క అయినయి.’

ఈ మూడు వాక్యములలో ఏడుచోట్ల నేను ఎఱ్ఱసిరా పెట్టితిని. పొద్దుగాల కొట్టివేసి ఉదయం అంటిని. లేసి తీసి లేచి పెట్టితిని. చూసినం, మడువబోతె, వంగలె, అయినయి — దేనిని విడువలేదు. లెక్క యను మాటను రెండుమాఱులు కొట్టి పైన ‘వలె’ అని వ్రాసి, ప్రక్కన ‘లెక్కలు గణితమునకు’ అని చమత్కారము కూడ చేసితిని. నాయినమ్మను మాత్ర మేలనో ముట్టలేదు. పదింటికి నాలుగు మార్కులు వేసితిని. కుఱ్ఱవాడు పుస్తకము తీసికొని, తెఱచి చూచి, మూసికొని, తన చోటికి పోయెను. ఆ దినమున నాకేమియు తోపలేదు.

తోచినది వేసవి సెలవులలో. గీతాభాష్యమును మరల తిరుగవేయుచుండగా పదునెనిమిదవ యధ్యాయమున తామసకర్తను వర్ణించు శ్లోకమునొద్ద ఆగితిని. అక్కడను ఈ స్తబ్ధ శబ్దమే యున్నది. శంకరాచార్యులవారు దానికి చెప్పిన యర్థము, దండమువలె నెవ్వరికిని వంగనివాడని. దండమనగా కట్టె. నేను చదువుట నిలిపితిని. బ్రతికియుండియు వంగని మనుష్యుని జూచి భాష్యకారుడు చెప్పిన పోలికయు, చచ్చి వంగని చేతులను జూచి తొమ్మిదవ తరగతి పిల్లవాడు చెప్పిన పోలికయు నొకటే. కట్టెలెక్క! ఆచార్యులవారు సంస్కృతమున వ్రాసిరి గనుక నా ఎఱ్ఱసిరా బారినుండి తప్పించుకొనిరి.

మా యమ్మ నేటికిని ‘లెక్క’ అనియే యనును. ఇంటికి పోయి ఆమెతో మాటలాడునపుడు నేనును అదే యందును. నా చిన్ననాటి పుస్తకములలోను ఎఱ్ఱసిరా పడినది, పడినపుడు నొచ్చినది, ఒకమాఱు ఏడ్చితిని కూడ. అట్లు నొచ్చినవాడు పెద్దవాడై మఱియొకనిని నొప్పింపడని యనుకొందురు. అనుభవమట్లు లేదు. ఆ నొప్పియే నాలో నెన్నడో బిగిసి నియమమైనది. ఎప్పుడైనదో చెప్పలేను. ‘పోవు’ అను క్రియ స్వభావ మదియే కదా.

మరణించిన దేహ మేల బిగియునో శరీరశాస్త్రజ్ఞులు చెప్పియున్నారు. కండరములో రెండు తెఱగుల సన్నని తంతువులు కలవు. చేయి ముడిచినపుడు ఒకటి మఱియొకదానిని పట్టుకొని లాగుకొనును. లాగుటకు శక్తి కావలయును. ఇది యందఱకును తెలిసినదే. అందఱకును తెలియని దేమనగా, పట్టినపట్టు విడుచుటకును శక్తి కావలయును. అడినోసీన్ ట్రైఫాస్ఫేట్ అను పదార్థము వచ్చి తగిలినగాని తంతువుల పట్టు వీడదు. బ్రతికియున్నంతకాలము దేహము దానిని క్షణక్షణమును తయారుచేసికొనుచుండును. ప్రాణము పోగానే యా తయారు నిలుచును. మిగిలినది కొలది గంటలలో తీఱిపోవును. అప్పుడు పట్టుకొన్న తంతువులు పట్టుకొన్నట్లే నిలిచిపోవును. కనుఱెప్పలు, దవడ, మెడ మొదలుకొని ఆరంభమైన యీ బిగువు సుమారు 12 గంటలలో దేహమంతటను నిండును. ఒకటి రెండు దినముల తరువాత, కండరమే శిథిలము కాజొచ్చినపుడు సడలును. మన యెండలలో నిదంతయు నింకను త్వరగా జరుగును.

ఇది చదివిన పిమ్మట బలమును గూర్చిన నా తలంపులు కొంత తలక్రిందులైనవి. బిగిసి యుండుట బలమనియు, మెత్తబడుట బలహీనత యనియు మనము పిల్లలకు నేర్పుచుందుము. మొండివాడు రాజుకంటె బలవంతుడను సామెతయు నున్నది. మొండి యనగా కొమ్మలు పోయిన మోడని యా సామెత చెప్పువారికి జ్ఞాపకముండదు. శవపు బిగువు బలముచేత వచ్చినది కాదు. విడుచుటకు కావలసిన బలము లేకపోవుటచేత వచ్చినది.

మన భాషాచరిత్రలోనే దీనికి పెద్ద నిదర్శనము కలదు. 1858లో వెలువడిన బాలవ్యాకరణము చిన్నయసూరి బిగించిన నడుము. తెలుగు వచనమున కొక యొరవడి కావలసిన కాలమది. ఆయన కట్టిన కట్టు నేటికిని ముచ్చట గొలుపును. తరువాతి తరమువారి చేతులలో నా నడుము పట్టివేసినది. ఎవ్వరి నోటను లేని రూపములను పిల్లలు వ్రాయవలసి వచ్చెను. బండిఱ స్థానమున సాధురేఫ పడిన తప్పు; నకారము నిలువవలసినచోట నిలువకున్న తప్పు. (ఈ మాట ‘చున్నది’ ‘కలదు’లతో వ్రాయుచున్న నేను చెప్పుట చూచి చదువరులు నవ్వినచో కాదనను. మా గురువుగారు చేయిపట్టి దిద్దించిన యొరవడి యిది. వ్యాసమనగానే కలము తనంతట తానే యటు నడచును. నా నడుమును కొంత పట్టినదే.)

గిడుగు వేంకట రామమూర్తి పంతులుగారు 1863లో పుట్టి 1940లో గతించిరి. లిపిలేని సవరభాషను సవరలనోట నేర్చి దానికి వ్యాకరణమును నిఘంటువును కట్టినవారు వారు. పుస్తకమే లేని భాషలోను నియమము కలదనియు, ఆ నియమము మాటలాడువారి నాలుకమీద నుండుననియు వారి కక్కడ స్పష్టమైయుండును. 1911లో ఏర్పడిన ఆంధ్రసాహిత్యపరిషత్తు గ్రాంథికమునకు కోట కట్టగా, వారు ఆ కోటలోనివారి గ్రంథములనే తెఱచి, మీరు పెట్టిన నియమములు మీ చేతనే నిలువలేదని యొక్కొక్క తప్పును ఎత్తి చూపిరి. విద్వాంసులకు కోపము వచ్చినది. కోపము రాక యేమగును? బిగిసిన కీలును కదల్చినపుడే కదా నొప్పి.

కాని నాకు రామమూర్తి పంతులుగారికంటె ఇక్కడ ముఖ్యముగా తోచువారు కందుకూరి వీరేశలింగము పంతులుగారు. 1881 డిసెంబరు 11వ తేదీన రాజమహేంద్రవరమున మొదటి వితంతువివాహమును జరిపించినపుడు వారు వెలికి వంగలేదు, తిట్లకు వంగలేదు. భాష విషయమున వారు మొదట గ్రాంథికపు పక్షమువారే. సూరి నీతిచంద్రికలో విడిచిపోయిన విగ్రహమును సూరి ఫక్కిలోనే వ్రాసినవారు. తరువాత శైలిని సులభము చేసికొన్నను, వారి గ్రంథరాశి చాలవఱ కా భాషలోనిదే. అట్టివారు 1919లో రాజమహేంద్రవరమున వర్తమానాంధ్ర భాషాప్రవర్తక సమాజ మేర్పడినపుడు దాని యధ్యక్షత నంగీకరించిరి. అప్పటికి డెబ్బదియేండ్లు నిండినవి. ఆ మే నెల 27వ తేదీననే వారు కాలధర్మము నొందిరి. జీవితమంతయు కట్టుకొన్న యింటి గోడను, తాను పోవుటకు కొలది నెలల ముందు, ఇది యందఱకును చాలదని తానే చెప్పుటకు ఎంత ప్రాణము కావలయునో యాలోచింపుడు. మొక్కయై వంగనిది మ్రానై వంగునా యను సామెత పిల్లలను కొట్టుటకు పనికివచ్చుచున్నది కాని, ఈ మ్రాను ముందఱ నిలువలేదు.

పెండ్లి విషయమున వంగనివాడును, భాష విషయమున వంగినవాడును ఒక్కడే యగుట గమనింపదగినది. వంగుటయే మంచిదైనచో 1881లో వంగవలసినది. వంగకుండుటయే మంచిదైనచో 1919లో వంగరాదు. బ్రతికిన చేయి పట్టుకొనును. బ్రతికిన చేయి విడుచును. విడువగలిగియు పట్టిన పట్టు ఒకటి, విడువలేక పట్టిన పట్టు మఱియొకటి. వెలుపలనుండి చూచువారికి రెండును ఒక్కతీరుననే కనబడును. అందుచేతనే రెండవది మొదటిదాని పేరు పెట్టుకొని ఊరేగుచుండును.

వ్యావహారికము గెలిచినది. గెలిచిన వ్యవహారము కృష్ణా గోదావరీ మండలములలోని చదువుకొన్నవారి వ్యవహారము. పత్రికలును పాఠ్యపుస్తకములును దానిని చేపట్టిన పిమ్మట, శ్రీకాకుళపు మాట, అనంతపురపు మాట, పాలమూరి మాట తప్పులయ్యెను. పూర్వము ‘వచ్చుచున్నాడు’ అని వ్రాయని పిల్లవానికి మార్కులు పోయెడివి. పిదప ‘వస్తున్నాడు’ అని వ్రాయని పిల్లవానికి పోయినవి. ‘వస్తుండు’ అన్న మావానికి రెండు కాలములందును పోయినవి. 2014 జూన్ 2వ తేదీన రాష్ట్రమేర్పడినది. భాషకొక దినోత్సవ మేర్పడినది. పటమునకు దండ పడినది. దండ వేసిన చేయియే మఱునాడు ఎఱ్ఱకలము పట్టినది.

ఈ సంగతి తోడి యుపాధ్యాయు నొకనికి చెప్పగా నాయన, ‘అట్లయిన దిద్దుటయే మానుదుమా? ఉద్యోగపు పరీక్షలలో లెక్కకు ఎవ్వరు మార్కులిత్తురు? నీవు జాలిపడి విడిచినచో వానికి మేలు చేసితివా?’ అని యడిగెను. తేలికగా త్రోసివేయదగిన ప్రశ్న కాదు. వైద్యుడను మాటలో ద కింద ధకారపు ఒత్తు పెట్టిన పిల్లవానిని నేను దిద్దకుందునా? దిద్దుదును. అది వానికి తెలియనిది, నేను తెలుపవలసినది. ‘లెక్క’ వానికి తెలిసినది. వాని యింటివారికందఱకును తెలిసినది. నాకును తెలిసినది. తెలిసినదానిని తెలియనట్లు నటించి కొట్టితిని. ప్రక్కన ‘వలె’ అనియు నందురని వ్రాసియుండవచ్చును. పరీక్షలో నది వ్రాయుమని చెప్పియుండవచ్చును. కొట్టకయే చెప్పియుండవచ్చును. కమ్మరి కొడవలిని ఎఱ్ఱగా కాల్చి నీట ముంచును. అది గట్టిపడును గాని పెళుసగును. ఱాయి తగిలిన విఱుగును. అందుచేత మరల సన్నని సెగమీద పెట్టి యా పెళుసు తీయును. మా బడులలో మొదటి కాల్పును, నీట ముంచుటయును దివ్యముగా జరుగుచున్నవి. రెండవ సెగకు వేళ చాలదందుము.

ఇంక మిగిలిన చిక్కు మొదట చెప్పినదే. బిగిసికొనిపోయినవాడు తాను బిగిసితినని యెఱుగనిచో నేమి చేయవలయును? ప్రతిదినమును ఆత్మపరీక్ష చేసికొనవలయునని చెప్పుట సులభము. నేను చేసికొనుచునే యుంటిని. ప్రతి పరీక్షలోను ఉత్తీర్ణుడనగుచునే యుంటిని. ఆ పిల్లవాడు వ్రాసిన రెండవ వాక్యమును మరల చూడుడు. చేతులు బిగిసినవని ఆ చేతులకు తెలియలేదు. మడువబోయినవానికి తెలిసినది. శ్వేతకేతువు బిగువు తండ్రి ప్రశ్న తగిలినపుడు కదా తేలినది. ఉపాధ్యాయునకు అట్లు చేయిపెట్టి చూచువా డెవ్వడు? తనిఖీదారు హాజరుపట్టీ చూచి పోవును. పిల్లలు ప్రశ్నింపరు, ప్రశ్నింపకుండునట్లు మేమే పెంచితిమి.

బడులు తెఱచిన పిమ్మట ఆ కుఱ్ఱవానిని వెదకికొని పోయితిని. అప్పటికి పదవ తరగతికి వచ్చెను. నిరుటి వ్యాసముల పుస్తకము తెమ్మంటిని. పాతపుస్తకము లన్నియు తూకమునకు అమ్మితిమనెను. క్రొత్తది చూపుమంటిని. తెచ్చి రెండు చేతులతో నిచ్చెను. అందు ‘మా ఊరి చెఱువు’ అను వ్యాసమున్నది. అక్షరములు గుండ్రముగా నున్నవి. చెఱువు అద్దంవలె ఉన్నదట. అందు కలువలు చిఱునవ్వులు చిందించుచున్నవట. ఎక్కడను ఎఱ్ఱసిరా లేదు. క్రింద పదింటికి తొమ్మిది. ఆ మార్కులు అంతకు ముందటి వారమున నేను వేసినవే.

వాని యూరి చెఱువును నేనెఱుగుదును. కలువలు లేవు.

‘చెరువు కాడికి పోయి చూసి రాసినవారా?’ అని యడిగితిని. నా నోట నా మాట విని వాడు కొంచెము వింతగా జూచెను.

‘లేదు సార్. గైడుల చూసి రాసిన. గట్లయితె తప్పులు రావు’ అనెను.